మా ఊరికి మెట్రో తెచ్చిన మామ

మొన్న మా చెల్లె బిడ్డకు ఓణీల ఫంక్షన్ ఉంటె దిల్‌సుఖ్‌నగర్ పోయిన. మొయినాబాద్ కాడ బస్సెక్కి మెహిదీపట్నంల దిగిన, ఆడికెళ్లి ఆటోల లక్డీకాపూల్ వచ్చి మెట్రో ఎక్కిన. సీటు దొరికింది. చల్లగ ఉన్నది. ఎవ్వలు ఎవ్వల మొకం చూస్తలేరు, అందరు ఫోన్లళ్ల తలకాయలు పెట్టుకొని కూసున్నరు. ఒక స్టేషన్ దాటినంక పైకెళ్లి ఒక ఆడామె గొంతు వినవడ్డది: "తదుపరి స్టేషన్ నాంపల్లి. తలుపులు ఎడమవైపు తెరుచుకుంటాయి."

ఇగ నాకు నవ్వు ఆగలే. కొంగు నోట్ల కుక్కుకున్న, అయినా ఆగలే. పక్కన కూసున్న పిల్ల చెవులకెళ్లి వైర్లు తీసి "ఏమైంది ఆంటీ?" అని అడిగింది.

"మా మామ యాదికొచ్చిండు బిడ్డ. మా ఊరికి మెట్రో తెచ్చింది ఆయన్నే" అన్న.

"మీది ఏ ఊరు ఆంటీ?"

"మొయినాబాద్ దాటినంక, ఎంకపల్లి పొయ్యే తొవ్వల."

ఆ పిల్ల తలుపు మీదున్న మ్యాపు చూసింది, నన్ను చూసింది, మల్ల చెవులల్ల వైర్లు పెట్టుకొని జర అవుతలికి జరిగింది. దాని తప్పేమున్నది? ఆ మ్యాపుల మా ఊరు లేదు. మా మామ మ్యాపుల ఉండె.

ఊరందరికి ఆయన కాక. మా ఆయనకు గూడ కాకనే, పాలోళ్లు, అంటె దాయాదులు. నాకు వరుసకు మామ. మామ ముందల కోడలు కుర్సీల కూసోవద్దని మా అత్త నేర్పింది గని, ఈ మామ ముందల నిలబడుడు గూడ కష్టమే, నవ్వి నవ్వి కడుపునొచ్చేది. సన్నగ, పొడుగ్గ ఉండేటోడు. ఎండకాలం వానకాలం లేదు, సంకల నల్ల గొడుగు ఉండేది. నేను ఆ ఊరికి కోడలై వచ్చిన కాడికెళ్లి దాన్ని ఇప్పంగ చూడలే. వాన దంచి కొడుతున్నా ముడుసుకొనే పట్టుకొని తడుసుకుంట వచ్చేటోడు. "ఇప్పరాదు మామ" అంటె "ఇప్పితే కరాబైతది బిడ్డ" అనేటోడు.

పొద్దుగాల పది కొట్టేటాళ్లకు మొయినాబాద్ బస్సులు ఆగే కాడ ఉన్న చాయ్ హోటల్ల తేలేటోడు. నాకెట్ల తెలుసంటె, నేను పూల సంచులు ఆడ్నే బస్సుల ఏస్త, గుడిమల్కాపూర్ మార్కెట్‌కు. ఆ హోటల్ల బల్లలు షాబాద్ బండలవి. మామ చాయ్ సాసర్ల పోసుకొని, తాగకముందు చూపుడువేలు అందుల ముంచేటోడు. ఆ వేలుతోని బండ మీద గీత గీసుడు షురూ చేస్తుండె. "ఇగో, ఇది మెహిదీపట్నం. ఇది లంగర్‌హౌజ్. ఈడ వంతెన. ఇది అప్పా జంక్షన్. ఈడ జర దమ్ము తీసుకుంటది. ఇగో అజీజ్‌నగర్, ఇగో మనం." మన కాడికి వచ్చేటాళ్లకు వేలు ఎండిపోయేది. "చేవెళ్లకు పోవాల్నంటె ఇంకో చాయ్ కావాలె" అనేటోడు.

చేవెళ్లోడు ఎవడన్న ఉంటె చాయ్ చెప్పక తప్పేది కాదు. చాయ్ రాంగనే కనకమామిడి మీదికెళ్లి లైను చేవెళ్లకు పోయేది. ఒకనాడు చేవెళ్లోడే సమోసాలు గూడ తెప్పిస్తె, లైను వాని ఇంటి ముందల్నే ఆగింది. ఎవడు ఏం తినవెడితె లైను అటు తిరుగుడే. శంకర్‌పల్లి నుంచి వచ్చిన ఒకాయన "కాక, మా దిక్కు గూడ తిప్పరాదె" అన్నడు. మామ గొడుగు బండకేసి కొట్టిండు. "మీకు పెద్ద రైలు ఉన్నది గద! ఇంట్ల ఒకామెను పెట్టుకొని ఇంకొకామెను తెమ్మంటున్నవా? నీ పెండ్లానికి తెలుసార ఈ ముచ్చట?" హోటలంత ఒక్కటే నవ్వుడు. మోకిలాయన ఒకడు అడిగితె "మీ కాడ అన్ని విల్లాలేనాయె, ఇంటికి రెండు కార్లు. మీరు మెట్రో ఎక్కుతరా, ఎక్కెటోళ్లను చూస్తరా?" అన్నడు. అని, వాడు తెప్పిచ్చిన చాయ్ మాత్రం తాగిండు.

ఒక్కసారే ఎక్కిండు మెట్రో జిందగీల. చిన్నత్తను, అంటె ఆయన పెండ్లాన్ని, తోల్కపోయిండు. ఆమె కిటికీల కెళ్లి చూసింది, ఈయన తలుపు కాడ నిలబడి ఆ ఆడామె చెప్పే మాటలన్ని నోటికి నేర్చుకున్నడు. ఇగ మల్ల మా పల్లెవెలుగు బస్సు ఎక్కితె జూడు! బస్సు ఆగేముందు ముక్కుల కెళ్లి గొంతు తీసేటోడు. "తదుపరి స్టేషన్ హిమాయత్‌నగర్. తలుపులు ఎడమవైపు తెరుచుకుంటాయి." పట్నంల హిమాయత్‌నగర్ కాదు, మా తొవ్వల ఉన్న పల్లె. తలుపు ఎప్పుడూ ఎడమదిక్కే ఉంటదాయె బస్సుకు. కండక్టరమ్మ "నువ్వు టికెట్ తీస్కో కాక ముందుగాల" అనేది. "దయచేసి మెట్లకు, బస్సుకు మధ్య ఖాళీని గమనించండి" అని ముసలోళ్ల చెయ్యి పట్టి దించేటోడు.

పొద్దుమీకి ఇంటికి పోతె గుమ్మం కాడ చిన్నత్త నిలబడి ఉండేది. రోజు ఒకటే సవాలు.

"వచ్చిందా నీ మెట్రో?"

"అప్పా జంక్షన్ కాడ ఉన్నదే. వస్తది."

"నీ మెట్రో మొకం మండ. కాళ్లు కడుక్కో, బువ్వ తిను."

ఏండ్ల సంది అది అప్పా జంక్షన్ కాడ్నే ఆగి ఉన్నది.

ఇదంత ఉత్త పరాష్కం అనుకునేదాన్ని నేను. ఆయన ఎవనితోనన్న మెట్రో ముచ్చట తీసేముందు ఒక్క మాట అడిగేటోడు: "నువ్వు కొనేటోనివా, అమ్మేటోనివా?" కొత్త మనిషైనా, పాత మనిషైనా ముందు ఆ మాటే. నేను అదేదో ఊతపదం అనుకున్న. నా చేను దాకా వచ్చినంకనే నాకు తెలివి వచ్చింది.

మా చేను ముచ్చట చెప్పాలె. మాకు ఊరి బయట, మామ చేను పక్కపొంటి, ఎకరంనర ఉన్నది. సగం చామంతి పెడుత, సగం కొత్తిమీర, గట్టు పొంటి గులాబీ. పెండ్లై వచ్చిన కొత్తల అది పడావు ఉండె, తుమ్మలు మొలిచి. నేనే కొట్టిచ్చిన, నేనే దున్నిచ్చిన. ఇంట్ల నేను కోడలిని, మరదలిని, వదినెను, అందరికి చాయ్ పెట్టేదాన్ని. చేన్ల మాత్రం నేను మాలిక్‌ని. ఆడ ఏం పెట్టాలె, ఎప్పుడు తెంపాలె, ఎవ్వల్ని కూలికి పిలవాలె, అంత నా నోటి మాటే. ఆ చేను పోతె నేను మల్ల చాయ్ పెట్టేదాన్నైత. గది నా భయం.

మా ఆయనకు చుట్టూర భూములు అమ్మినోళ్ల కార్లు కనవడుతుండె. మా దిక్కు బిల్డింగులు కట్టనియ్యని సర్కారు జీవో పోతదట, సడక్ పెద్దగైతదట, మెట్రో వస్తదట, ఇంట్ల పొద్దుమాపు ఇవే ముచ్చట్లు. ఊర్ల బ్రోకర్ నర్సింలు మా ఆయనకు సోపతి. కారు ఏసి బందు పెట్టకుంట సడక్ మీద నిలవెట్టి, తను మాత్రం బయట ఎండల నిలబడి మాట్లాడుతడు. ఒకనాడు మా ఆయన అన్నడు, "చేను ఇచ్చేద్దాం. మోకిల దిక్కు ప్లాటు తీసుకుందాం, కారు తీసుకుందాం. నీకు గూడ మన్నుల కష్టం తప్పుతది." నేను వద్దన్న. కొట్లాడిన. బువ్వ తినలే. "నీకేం తెలుసు" అన్నడు. సంతకం ఆయనదే గద, నా కొట్లాటకు విలువేంది?

మర్నాడు చేన్ల చామంతి తెంపుకుంట ఏడుస్తున్న. మామ గట్టు మీదికెళ్లి వచ్చిండు.

"ఏందే కోడలా, పూలకు ఉప్పునీళ్లు పెడుతున్నవ్?"

చెప్పిన అంత. మామ గొడుగు మొనతోని మన్ను కెలుక్కుంట విన్నడు. విని, తన ముచ్చట ఒకటి చెప్పిండు. జమానాల సడక్ పక్క చేను అమ్మిండట. ఇప్పుడది ఫామ్‌హౌజ్. ఒకపారి అటుకెళ్లి పోతుంటె దూప అయితె, తను తవ్విన బాయే గద అని లోపలికి పోబోయిండట. వాచ్‌మన్ ఆపి "పాస్ ఉన్నదా?" అని అడిగిండట. "చేతులు చూపిచ్చిన. ఈ కాయలు చూడుర, ఈ బాయి తవ్వితె వచ్చినయే అన్న. వాడు గేటేసిండు." చెప్పి మామ నవ్విండు గని, నేను నవ్వలే. "భూమి అమ్మినోనికి ఒక్కటే పండుగ బిడ్డ, ఉంచుకున్నోనికి ఏటా పండుగ. కండ్లు తుడుసుకో. కొనేటోడు ఎప్పుడొస్తున్నడు?"

"రేపే."

"రానియ్యి."

వచ్చిండు. నర్సింలు ముందు, ఎనుక పట్నం సారు. బూట్లకు మన్ను అంటకుంట గట్టు మీద ఒక్కొక్క అడుగేసుకుంట వచ్చిండు. మా ఆయన ఆ పూట చేవెళ్ల పోయిండు, ఏదో కాయితం పని మీద. చేను నడిమిట్ల మామ నిలబడి ఉన్నడు. గొడుగు మన్నుల గుచ్చిండు. ఒక కన్ను మూసిండు. సర్వే చేసేటోని లెక్క బొటనవేలు పట్నం దిక్కు లేపిండు. కదులుతలేడు.

సారు నేరుగ పోయి ఆయన పక్కన నిలబడ్డడు. "ఎవరండీ ఈయన?" అని నర్సింలును అడిగిండు. నర్సింలు నోరు తెరిచేలోపట మామనే అడిగిండు.

"సార్, మీరు కొనేటోళ్లా, అమ్మేటోళ్లా?"

"కొనడానికి వచ్చాం."

"మంచిది సార్. జర పక్కకు జరుగుండ్రి. పిల్లర్ల నిలబడ్డరు."

సారు ఎగిరి పక్కకు దుంకిండు. కింద చూస్తె నా చామంతి తప్ప ఏం లేదు. మామ మల్ల కన్ను మూసిండు, తలకాయ ఊపిండు. "ఇంకొంచెం జరుగుండ్రి సార్. అది గూడ పిల్లరే."

"ఏం పిల్లర్ అండీ?"

"మెట్రోది సార్. మా నర్సింలు చెప్పలేదా? చెప్పడు లెండి. మంచి పిలగాడు, మీకెందుకు రంది పెట్టాలె అనుకున్నడు."

"సార్, అదంత ఉత్త ముచ్చట సార్. మెట్రో లేదు గిట్రో లేదు" అని నర్సింలు గాయిగాయి చేసిండు.

"ఓర్ని! మెట్రో లేదా?" మామ గొడుగు పీకి సంకల పెట్టుకున్నడు. "మరి నీ పాంప్లెట్ల మీద 'మెట్రోకు అతి చేరువ' అని ఎందుకు అచ్చేయించినవ్‌ర? ఇంత పెద్ద పెద్ద అక్షరాలు! సారుకు ఇచ్చినవా లేదా ఆ పాంప్లెట్?"

ఇచ్చిండు. సారు చేతులనే ఉన్నది, మడిచి పట్టుకున్నడు. మెట్రో వస్తదంటె పిల్లరు వస్తది, రాదంటె పాంప్లెట్ అబద్ధం. సారు పాంప్లెట్ చూసిండు, చామంతి చూసిండు. మల్ల గట్టు మీద ఒక్కొక్క అడుగేసుకుంట వాపస్ పోయిండు. నేను కొత్తిమీర మడిల కూసోని కొంగు కొరుక్కుంట నవ్విన. మామ మాత్రం నవ్వలే. ఇంకా ఒక కన్ను మూసే ఉన్నడు.

మాపటీలి మా ఆయన గరం గరం ఉరికిండు మామ కాడికి. నేను గూడ ఎనుక పోయిన.

"ఏంది కాక, మా చేన్ల పిల్లరు పెట్టినవట?"

"నువ్వు అమ్మేటోనివి గదర. నీకు పిల్లరెందుకు? నీకు స్టేషన్ వస్తది."

"నర్సింలు పిల్లరన్నడు!"

"పిల్లరు లేకుంట స్టేషన్ గాలిల నిలబడ్తదార? స్టేషన్ వచ్చినంక ఆ చేను విలువేంది, ఇప్పుడు విలువేంది? జర ఆగుర పాగల్."

మా ఆయన చల్లబడ్డడు. "స్టేషన్ యాడ వస్తది కాక?" అని మెల్లగ అడిగిండు.

మామ మా చేను గెట్టు చివరి జాగ చూపిచ్చిండు. మా ఆయన గాబరపడ్డడు. "అది దింపుడుకల్లం జాగ గద కాక!"

నిజమే. మా ఊర్ల ఎవ్వలు సచ్చినా, కాటికి తీస్కపోయేటప్పుడు పాడె ఆడ్నే దించుతరు. సొంతోళ్లు చెవుల మూడుమాట్లు పిలుస్తరు, పానం ఉంటె లేస్తరేమో అని. ఆడోళ్లు ఆడిదాకనే పోతరు, మల్ల ఇంటికి తిరుగుతరు.

"అందుకేర" అన్నడు మామ. "మీ తాత ఆగిండు ఆడ. మా నాయిన ఆగిండు. ఈ ఊర్ల పుట్టినోడు ఎవడన్న ఆడ ఆగకుంట పోయిండా? ఇంత ఖాయం జాగ ఇడిసిపెట్టి స్టేషన్ ఇంకో కాడ కడ్తరా?"

మా ఆయన ఆ రోజు కెళ్లి చేను అమ్ముడు బందు పెట్టిండు. స్టేషన్ కింద మిర్చి బండి పెడుదాం, దానికి మెట్రో మిర్చి అని పేరు పెడుదాం అని నాకే చెప్పబట్టిండు. నేను "మంచిగుంటది" అన్న. అప్పుడు సమజైంది నాకు మామ తరీక. అమ్మేటోనికి స్టేషన్ చెప్పి ఆశ పెడుతడు, ఆగుతడు వాడు. కొనేటోనికి పిల్లరు చెప్పి భయం పెడుతడు, ఉరుకుతడు వాడు. గీత మాత్రం ఒక్కటే. మా దిక్కు ఇంకా కొత్తిమీర వాసన వస్తున్నదంటె, సగం మా చెమట, సగం ఆ ముసలోని నోరు.

ఇగ ఆయన మోకాలు ముచ్చట.

మామకు కుడి మోకాలు అరిగింది. గొడుగు సంకల కెళ్లి చేతిలకొచ్చింది, ఊతకట్టె అయింది. పట్నంల పెద్ద దవాఖానల చిప్ప మార్చాలె అన్నరు, మంచిగ నడుస్తవ్ అన్నరు. చిన్నత్త పట్టు పట్టింది. మామ చేన్లకెళ్లి అర్ధెకరం అమ్మి కాలు బాగు చేయించుకొమ్మన్నది. మామ ఏండ్ల సంది ఎవ్వల్ని అమ్మనియ్యలే, తను మాత్రం అమ్ముతడా అని ఊరంత చెవులు కొరుక్కున్నది. చివరికి చిన్నత్త ఏడిస్తె సరే అన్నడు.

ఆ రోజు నేను పూల సంచులు పట్టుకొని బస్సు కోసం హోటల్ ముందల నిలబడ్డ. లోపట బల్ల కాడ మామ, ఎదురుంగ నర్సింలు. మా ఆయన గూడ పక్కన కూసున్నడు.

"కాక, నీ చేను ఎవడు కొంటడు?" అంటున్నడు నర్సింలు. "లైను మీ రెండు చేన్ల నడిమిట్లకెళ్లే పోతున్నదని నువ్వే చాటింపేసినవ్. పట్నంల గూడ తెలిసింది. ఆ చేన్లు అంటెనే 'పిల్లర్ల చేన్లా?' అంటున్నరు."

మామ నవ్విండు. తన ముచ్చట తన కాలికే చుట్టుకున్నది మరి.

"ఒక్క పని చెయ్యి కాక" అన్నడు నర్సింలు. ఎగతాళికి కాదు, నిజంగనే మంచికే అన్నడు. "లైను జర తిప్పు. చేన్లకెళ్లి కాదు, సడక్ పొంటి పోతదని పది మందిల చెప్పు. నీ మాట నమ్ముతరు. రేపే పార్టీని తెస్త. అర్ధెకరం పోతది, కాలు వస్తది." అని, చాయ్ చెప్పిండు. సమోసాలు గూడ చెప్పిండు.

చాయ్ వచ్చింది. మామ సాసర్ల పోసుకున్నడు, వేలు ముంచిండు. మెహిదీపట్నం గీసిండు. లంగర్‌హౌజ్. అప్పా జంక్షన్. అజీజ్‌నగర్. మొయినాబాద్ కాడ వేలు ఆగింది. "ఇటు కాక, ఇటు తిప్పు" అని నర్సింలు బల్ల మీద చెయ్యితోని చూపించబట్టిండు. లైను సడక్ పొంటి తిరిగిందంటె నా చేన్ల పిల్లరు ఉండదు, స్టేషన్ ఉండదు. మా ఆయన ఆడ్నే కూసున్నడు, నర్సింలు ఆడ్నే ఉన్నడు. నా చేను గూడ ఆ పొద్దే పోతది. అది నాకు తెలుసు, మామకు తెలుసు.

మామ తలకాయ లేపి నన్ను చూసిండు. పూల సంచులను చూసిండు. మల్ల వేలు ముంచి, సీదా గీసిండు.

"లైనంటె లైనే నర్సింలు. ఆడోళ్ల జడనా, ఎటువడితె అటు అల్లెతందుకు? వస్తది. నా చేను నడిమిట్లకెళ్లే వస్తది."

సమోసా కోసం చేవెళ్లోని గడప దాక లైను గుంజిన మనిషి, తన మోకాలు కోసం ఇంత గూడ జరపలే. సమోసాలు మాత్రం తిన్నడు. ఒకటి కాయితంల చుట్టి చిన్నత్తకు పట్టుకున్నడు.

బస్సు వచ్చినప్పుడు నా సంచి ఎత్తెతందుకు లేచి వచ్చిండు, గొడుగు టకటక కొట్టుకుంట. నాకు కోపమొచ్చింది, ఏడుపొచ్చింది, రెండు ఒక్కపారే వచ్చినయ్.

"మామ, నీకు దిమాక్ ఉన్నదా? లోపలికి పోయి లైను తిప్పు. నా చేను నేను చూసుకుంట."

"ఎట్ల చూసుకుంటవ్? పూలకు ఉప్పునీళ్లు పెడుతవ్, అంతేనాయె."

"నీ కాలు పోతది మామ!"

"ఉన్నది గద ఇంకోటి." మామ సంచి బస్సుల పెట్టిండు. "చూడు బిడ్డ, ఉత్తముచ్చట ఒక్కపారి చెప్తె అబద్ధం. ఏండ్లకేండ్లు చెప్తె అది ప్లాను. ఇప్పుడు ప్లాను మారిస్తె నా ఇజ్జత్ ఏంగావాలె? ఎక్కు. తలుపులు ఎడమవైపు మూసుకుంటాయి."

బస్సుల పూల సంచి మీద తల పెట్టి మెహిదీపట్నం దాక ఏడ్చిన. కన్నతండ్రి గూడ నా కోసం అంత పని చెయ్యలే. చెప్తున్న, చెయ్యలే.

ఆ తర్వాత సర్కారు దవాఖాన గోలీలు మింగుకుంట, గొడుగు మీద ఒరుగుకుంట తిరిగిండు. చిన్నత్త తిట్టని పొద్దు లేదు. "నీ మెట్రోల మన్నువడ, పిల్లర్లకు ఉన్న బలం నీ కాలికి లేకపాయె" అనేది. తిట్టుకుంటనే ఆముదం కాచి మోకాలుకు రాసేది. మామ లైను ఎందుకు తిప్పలేదో ఆమెకు నేను చెప్పిన. ఆమె నా దిక్కు చూసి, "నాకు తెలుసు తియ్యి. ఎన్నేండ్ల సంది చేస్తున్న ఆయనతోని కాపురం?" అన్నది. ఇగ ఆ ముచ్చట మల్ల మా నడుమ రాలే.

పోయిన వానకాలం పొద్దుగాల ఇంట్లనే, సాసర్ల చాయ్ పోసుకొని, తాగకుంటనే పోయిండు. చాయ్ అట్లనే ఉన్నది. చిన్నత్త దాన్ని పారబోయనియ్యలే చాలాసేపు.

డప్పులతోని తీసిండ్రు. వాన జల్లు పడుతున్నది. పాడె మీద ఆ గొడుగు గూడ పెట్టిండ్రు. ఇప్పి పట్టుదామని ఎవరో అంటె "ఇప్పకుండ్రి, కరాబైతది" అన్నది చిన్నత్త. మా చేను గెట్టు కాడికి రాంగనే పాడె దించిండ్రు. నేను ఆ పొద్దు తెంపిన చామంతంత గంపతోని తెచ్చి ఆయన మీద పోసిన. మార్కెట్‌కు ఒక్క పువ్వు పంపలే.

మా ఆయన వంగి చెవుల పిలిచిండు. "కాక... కాక... ఓ కాక..." డప్పులు ఆగినయ్. ఎవ్వలు లేవరు, అందరికి తెలుసు, అయినా అందరం ఆయన మొకం దిక్కే చూస్తున్నం.

అప్పుడు చిన్నత్త "జరుగుండ్రి" అని మా ఆయనను పక్కకు నూకింది. మోకాళ్ల మీద కూసున్నది. ఆయన చెవు కాడ నోరు పెట్టింది గని, మాట మెల్లగ అనలే, అందరికి వినవడెటట్టే అన్నది.

"ఓ మనిషీ. వచ్చింది నీ మెట్రో. లెవ్వు."

ఎవ్వలకు ఏం చెయ్యాల్నో తెలుస్తలేదు. డప్పు కొట్టేటాయన ముందుగాల కిసుక్కుమన్నడు. ఇగ ఆగలే. పాడె మోసేటోళ్లు, ఆడోళ్లు, మా ఆయన, అందరం నవ్వుడే, అందరి కండ్లళ్ల నీళ్లే. చిన్నత్త కొంగుతోని మొకం తుడుసుకొని మా దిక్కు తిరిగింది. "చూడుండ్రి, లేస్తలేడు. ఆయన చెప్పినయన్ని నేను నమ్మిన. జిందగీల నేను ఒక్క అబద్ధం ఆడితె నమ్ముతలేడు."

పాడె లేపిండ్రు. మొగోళ్లు ముందుకు నడిచిండ్రు, డప్పులు మల్ల మోగినయ్. ఆడోళ్లం ఇంటి దిక్కు మర్రినం. నేను చామంతి రెక్కలు ఏరుకుంట జర ఎనుకవడ్డ. చూస్తె నర్సింలు. పాడెతోని పోలే, నా చేన్లనే నిలబడ్డడు, చామంతి సాల్ల నడుమ. కండ్లు ఎర్రగున్నయ్, నిజంగనే ఏడ్చిండు. సడక్ మీద కారు ఏసి నడుస్తనే ఉన్నది.

"వదినె" అన్నడు మెల్లగ. "కాక పాయె. అన్న గూడ ఇగ ఎన్నొద్దులు ఆగుతడు? నువ్వైతె అబద్ధం చెప్పవు. ఆ లైను నిజంగ ఈడికెళ్లి వస్తదా, రాదా? ఒక్క మాట చెప్పు."

నా చేన్ల మొగ్గలు ఇంకా వారానికి సరిపడ ఉన్నయ్. వానకు తలకాయలు వంచినయ్. డప్పుల సప్పుడు దూరమైతున్నది. నేను చేతులు కొంగుకు తుడుసుకున్న. ఒక కన్ను మూసిన. బొటనవేలు పట్నం దిక్కు లేపిన.

"నర్సింలు, నువ్వు కొనేటోనివా, అమ్మేటోనివా?" అని అడిగిన.

నర్సింలు నిలబడ్డ కాడికెళ్లి జర పక్కకు జరిగిండు.